పాత ‘గ్రేటెస్ట్ హిట్స్’ను లాస్‌లెస్‌లో మళ్లీ వినాలంటే

బ్రిటిష్ రాక్ బృందం క్వీన్ 1981లో తెచ్చిన ‘గ్రేటెస్ట్ హిట్స్’ నాకు కంఠతా వచ్చు. కానీ ఏళ్ల తరబడి విన్నది స్నేహితుడు కాపీ చేసిచ్చిన 128 కేబీపీఎస్ (సెకనుకు 128 కిలోబిట్లు) ఎంపీ3, అంటే సైజు తగ్గించడానికి ధ్వనిలో కొంత తీసేసిన ఫైలు. అందులో సింబల్స్ (డ్రమ్స్‌తో పాటు వాయించే లోహపు పళ్లేలు) మోత నీళ్లలోంచి వస్తున్నట్టు ఉండేది. రికార్డింగే అంత అనుకునేదాన్ని. సీడీ నుంచి ఫ్లాక్‌లోకి, అంటే ధ్వనిలో ఏదీ పోకుండా కుదించే లాస్‌లెస్ ఫైలులోకి, తీసుకుని విన్న రోజున ఆ అపోహ పోయింది.

ముందు ఫైలు సంగతి చూసుకోండి. ఎంపీ3ని ఫ్లాక్‌గా మారిస్తే సైజు పెరుగుతుందే గానీ పోయిన ధ్వని తిరిగి రాదు. లాస్‌లెస్ అని అమ్మిన ఫైళ్లు కొని ఒకసారి ఇలాగే మోసపోయాను. స్పెక్ అనే ఉచిత ప్రోగ్రాంలో ఫైలు తెరిచి చూడండి. అది ధ్వని పౌనఃపున్యాలను రంగుల్లో చూపిస్తుంది. ఆ రంగులు 16 కిలోహెర్ట్జ్ దగ్గర కత్తితో కోసినట్టు ఆగిపోతే అనుమానించాల్సిందే. సీడీ ఉంటే మరీ మంచిది. ఎగ్జాక్ట్ ఆడియో కాపీ అనే ప్రోగ్రాంతో తీస్తే, మన కాపీ ఇతరులు తీసిన వాటితో సరిపోయిందో లేదో కూడా చెబుతుంది. సీడీలో ఉండే 44.1 కిలోహెర్ట్జ్, 16 బిట్ నాణ్యత చాలు, 24 బిట్ లేదని టెన్షన్ పడొద్దు. అంతకన్నా మాస్టరింగ్ (విడుదలకు ముందు ధ్వనికి చేసే తుది సవరణ) ముఖ్యం. అంతా ఒకే మోతగా పెంచేసిన రీమాస్టర్‌లో మెల్లని చోటుకీ గట్టి చోటుకీ తేడా తగ్గిపోతుంది.

వైరున్న హెడ్‌ఫోన్స్ వాడండి. మామూలు బ్లూటూత్ పాటను మళ్లీ కుదిస్తుంది. పాత ఫైలుతో పోల్చేటప్పుడు రెండింటి వాల్యూమ్ సమానంగా ఉంచండి, ఎందుకంటే కాస్త గట్టిగా మోగేదే చెవికి బాగున్నట్టు అనిపిస్తుంది. మీ పాత ఫైలు 320 కేబీపీఎస్ అయితే నాకు వినిపించినంత తేడా మీకు వినిపించకపోవచ్చు.

ఇక వినడం. బ్రిటన్ డిస్క్‌లో మొదటిది ‘బొహీమియన్ రాప్సోడీ’. ఆపెరా భాగంలో బృంద సభ్యులు ఫ్రెడ్డీ మెర్క్యురీ, బ్రయాన్ మే, రోజర్ టేలర్ ముగ్గురే పొరలు పొరలుగా పాడి అంత బృందగానం పేర్చారు. నా ఎంపీ3లో అదంతా ఒకే ముద్ద. ఇప్పుడు ఏ గొంతు ఎడమ నుంచి వస్తోందో, ఏది కుడి నుంచో విడివిడిగా పట్టుకోగలిగాను. ఒక్కసారికి ఒక్క గొంతునే వెంబడించండి, అలా నాలుగైదు సార్లు వినాలి. రెండో పాట ‘అనదర్ వన్ బైట్స్ ది డస్ట్’లో జాన్ డీకన్ బేస్ గిటార్ వినండి, ముఖ్యంగా స్వరానికీ స్వరానికీ మధ్య ఖాళీని.

చివరికి వచ్చేసరికి ‘వి విల్ రాక్ యూ’. డ్రమ్స్ లేవు, కాళ్ల చప్పుడూ చప్పట్లూ పదేపదే రికార్డు చేసి పేర్చినవే. చివర్లో గిటార్ ఠక్కున ఆగిపోతుంది. ఆ వెంటనే ఆఖరి పాట ‘వి ఆర్ ది ఛాంపియన్స్’. అందుకే ప్లేయర్‌లో గ్యాప్‌లెస్ ఆన్ చేసి పెట్టుకోండి, డిస్క్‌లో ఎంత విరామం ఉందో అంతే ఉండాలి.