జర్మనీకి కొత్తగా వచ్చినవారికి: ముందు పోస్టు డబ్బా మీద ఇంటిపేరు అంటించండి

ఈ సెమిస్టరుకు వచ్చిన ఒక అబ్బాయికి ఆరోగ్య బీమా కార్డు అందలేదు. బ్యాంకు పంపిన పిన్ నంబరు అందలేదు. పన్ను గుర్తింపు సంఖ్య రాకపోవడంతో పార్ట్‌టైమ్ ఉద్యోగంలో జీతం నుంచి ఎక్కువ పన్ను కోశారు. ఎవరిని అడిగినా ఎప్పుడో పంపించామన్నారు. వెళ్లి చూస్తే పోస్టు డబ్బా మీద పాత అద్దెదారు పేరు అలాగే ఉంది. కాలింగ్ బెల్లు పక్కన మాత్రం స్నేహితులు పిలిచే ముద్దుపేరు పెన్సిలుతో రాసి ఉంది.

ఏటా ఇదే చూస్తున్నాను, ఏటా ఇదే చెబుతున్నాను. వీసా, బ్లాక్డ్ ఖాతా, చలికోట్ల జాబితాలు మీ అందరి దగ్గరా ఉంటాయి. వాటి జోలికి నేను పోను. పేరు గురించి మాత్రం ఎవరూ చెప్పరు, అందుకే ఇంత వివరంగా రాస్తున్నాను.

ఇక్కడి అపార్ట్‌మెంట్లలో చాలావాటికి ఫ్లాటు నంబరు ఉండదు. చిరునామా అంటే వీధి, ఇంటి నంబరు, పిన్‌కోడు, ఊరు, వీటన్నిటికీ పైన మీ ఇంటిపేరు. ఒకే గుమ్మంలో ఇరవై కుటుంబాలున్నా పోస్టుమ్యాన్ వెతికేది ఇంటిపేరునే. అది డబ్బా మీద లేకపోతే ఉత్తరం వెనక్కి వెళ్లిపోతుంది. అన్‌మెల్డుంగ్, అంటే ఊరి కార్యాలయంలో చిరునామా నమోదు, చేయించుకోవడానికి ఇంట్లో దిగినప్పటి నుంచి రెండు వారాల గడువుందని అందరికీ తెలుసు. అది పూర్తయ్యాక 11 అంకెల పన్ను సంఖ్య వచ్చేది ఈ డబ్బాలోకేనని ఎందుకు ఆలోచించరు? కోర్టు నుంచో ప్రభుత్వ కార్యాలయం నుంచో పసుపు కవరు వస్తే, డబ్బాలో వేసిన రోజే మీకు అందినట్టు లెక్క. మీరు తెరిచినా తెరవకపోయినా గడువు అప్పటి నుంచే నడుస్తుంది.

నా మొదటి చలికాలంలో నాకు గది ఇచ్చినాయన డబ్బా మీద రెండో పేరు అంటించడానికి ఒప్పుకోలేదు. ఆ నెలలన్నీ ఉత్తరాల కోసం ఎదురుచూస్తూ, కార్యాలయాల గుమ్మాల ముందు నిలబడి గడిపాను. నివాస అనుమతికి ఇచ్చిన అపాయింట్‌మెంట్ తేదీ కూడా నాకు తెలియకుండానే దాటిపోయింది. ఇల్లు మారితే ఇప్పటికీ సామాను దించకముందే పేరు అంటిస్తాను. మీకు గది ఇచ్చేవారు పేరు అంటించనివ్వకపోతే, చిరునామాలో మీ పేరు కింద ‘బై’ అని రాసి అసలు అద్దెదారు ఇంటిపేరు చేర్చండి. ఫలానావారి ఇంట్లో అని దాని భావం. అన్ని చోట్లా అలాగే రాయించండి.

ఇంతకీ ఏ పేరు అంటించాలి? మన చిక్కంతా ఇక్కడే. మనకు ఇంటిపేరు ముందు, పెట్టిన పేరు తరువాత. నాదెళ్ల సత్యనారాయణ గారు లోకానికి సత్య నాదెళ్ల అయినట్టు, ఇక్కడ మీ పేరూ తిరగబడుతుంది. పాస్‌పోర్టులో ఇంటిపేరు గడిలో ఏముందో అదే మీ ఇంటిపేరు, మీ అమ్మమ్మ ఏం చెప్పినా సరే. కొందరికి ఆ గడి ఖాళీగా ఉంటుంది. అప్పుడు ఒక కార్యాలయం చివరి మాటను ఇంటిపేరుగా తీసుకుంటుంది, ఇంకొకటి మొత్తం పేరును ఒకే ముద్దగా రాసుకుంటుంది. ఇంకా ఇండియాలోనే ఉంటే పాస్‌పోర్టు సరిచేయించుకుని బయలుదేరండి. వచ్చేసి ఉంటే, అన్‌మెల్డుంగ్ కాగితం మీద ఎలా అచ్చయిందో కుర్చీలోంచి లేవకముందే చదవండి. బ్యాంకులో, బీమాలో, విశ్వవిద్యాలయంలో, డబ్బా మీద అక్షరం తేడా లేకుండా అదే ఉండాలి. ‘కె.వి.ఎస్.’ లాంటి పొడి అక్షరాలు ఇక్కడ ఎవరికీ అర్థం కావు. భార్యాభర్తల ఇంటిపేర్లు వేరైతే ఎలా అని చెల్లెళ్లు భయపడుతుంటారు. భయం వద్దు. 1991లో రాజ్యాంగ న్యాయస్థానం ఇచ్చిన తీర్పు నుంచి ఇక్కడి దంపతులే ఎవరి పేరు వారు ఉంచుకుంటున్నారు. 2025 మే 1 నుంచి ఇద్దరి పేర్లనూ కలిపి ఉమ్మడి ఇంటిపేరుగా పెట్టుకునే వీలు కూడా వచ్చింది.

ఇక ఇక్కడివాళ్ల పేర్లు. మీరు లేనప్పుడు పార్సిల్ వస్తే పక్కవారికి ఇచ్చి చీటీ వదిలి వెళతారు. ఆ చీటీ మీద ఉండేది పక్కవారి ఇంటిపేరు. దాన్ని చదవలేక, ఏ తలుపు కొట్టాలో తెలియక పార్సిల్ వదులుకున్నవారిని చూశాను. కాబట్టి కింద గుమ్మం దగ్గర కాలింగ్ బెల్లుల వరుసను ఒకరోజు నిదానంగా చదవండి. జె అక్షరాన్ని ‘య’ అని, డబ్ల్యూను ‘వ’ అని, జెడ్‌ను ‘త్స’ అని పలకండి. వి అక్షరం జర్మన్ మాటల్లో చాలాసార్లు ‘ఫ’ అవుతుంది. పక్షి అనే అర్థమున్న ఇంటిపేరు ఫోగెల్ అలాంటిదే.

దేశంలో ఎక్కువమందికి ఉన్న ఇంటిపేరు మ్యులర్, అంటే పిండిమర నడిపేవాడు. ష్మిట్ కమ్మరి, ష్నైడర్ దర్జీ, ఫిషర్ జాలరి, వేబర్ నేతగాడు, వాగ్నర్ బండ్లు చేసేవాడు. 12వ శతాబ్దం నుంచి పట్టణాలు పెరిగి, ఒకే వీధిలో నలుగురు హైన్‌రిష్‌లు, ఐదుగురు యోహాన్నెస్‌లు పోగయ్యారు. పన్ను చిట్టాల్లో, ఆస్తి పత్రాల్లో ఎవరెవరో తేల్చడానికి రెండో పేరు అవసరమైంది. ఊరికి మర ఒకటే, కొలిమి ఒకటే కనుక ఆ పనిని చెబితే మనిషి తెలిసిపోయేవాడు. అలా ఊరూరా ఒక మ్యులర్, ఒక ష్మిట్ తయారై దేశమంతా నిండారు.

ప్రాంతం మారితే పేరూ మారుతుంది, అందుకే ఒకే వృత్తికి నాలుగైదు ఇంటిపేర్లు కనబడతాయి. షూమాకర్, షుస్టర్, షూబెర్ట్ ముగ్గురి పూర్వికులూ చెప్పులు కుట్టినవారే. దక్షిణాన మెట్స్‌గర్, తూర్పున ఫ్లైషర్ ఇద్దరూ మాంసం కొట్టేవారు. ఈ దేశపు మాజీ ఛాన్సలర్లను, అంటే మన ప్రధానమంత్రి లాంటివారిని, తీసుకోండి. ష్రోడర్ అంటే ఉత్తరాది యాసలో దర్జీ. షోల్త్స్ అంటే దొర తరఫున బకాయిలు వసూలు చేసిన గ్రామాధికారి, మన మునసబు లాంటివాడు. షుల్త్స్, షుల్త్సె కూడా అదే పేరు. మాయర్ అనే పేరు భూస్వామి తరఫున కమతం చూసుకున్న పెద్దపాలేరుది, లాటిన్ నుంచి వచ్చింది. దాన్ని కనీసం ఐదు రకాలుగా రాస్తారు. మీ పక్కవారు ఏ రకమో చూసి రాయండి, మనవాళ్లలో ఇంటిపేరు తప్పు రాస్తే పెద్దలకు ఎంత కోపం వస్తుందో వాళ్లకూ అంతే వస్తుంది.

ఉత్తర తీరానికి వెళితే పేటర్సన్, హాన్సన్, యాన్సన్ అని తండ్రి పేర్లే ఇంటిపేర్లయ్యాయి. ఈస్ట్ ఫ్రీస్‌లాండ్‌లో తరం తరానికీ మారుతూ వచ్చిన ఈ పద్ధతిని ఆపి, అందరూ స్థిరమైన ఇంటిపేరు పెట్టుకోవాలని 1811లో నెపోలియన్ పాలన ఆజ్ఞ జారీ చేసింది. దక్షిణాన బవేరియా పల్లెల్లో మాత్రం మాటల్లో ఇంటిపేరే ముందు వస్తుంది. హూబర్ ఇంటి యోసెఫ్‌ను ‘హూబర్ జెప్’ అంటారు, జెప్ యోసెఫ్‌కు ముద్దుపేరు. హంగేరీవారైతే రాతలో కూడా ఇంటిపేరే ముందు రాస్తారు. ఇది తెలిసిన రోజు నాకు ఎంత ధైర్యం వచ్చిందో చెప్పలేను. మన పద్ధతి వింతేమీ కాదు, దానికి యూరప్‌లోనే బంధువులున్నారు. మన తాడేపల్లివారు, కొండపల్లివారు ఊరి పేరు మోసినట్టే బాయర్ బవేరియా నుంచి, హెస్ హెస్సె నుంచి, బోమ్ ఇప్పటి చెక్ దేశంలోని బొహీమియా నుంచి వలస వచ్చినవారి పేర్లు.

వలస అన్నాను కనుక నోయ్‌మన్ గురించి చెప్పాలి. ఊరికి కొత్తగా వచ్చినవాడని ఆ పేరుకు అర్థం. పోలండ్‌వారి నోవాక్‌కూ అదే అర్థం. చెక్ దేశంలో ఎక్కువమందికి ఉన్న ఇంటిపేరు కూడా అదే. ఆరేడు వందల ఏళ్ల కిందట ఎవరో మూట నెత్తిన పెట్టుకుని వచ్చారు, ఊరివారు కొత్తవాడన్నారు, ఇప్పుడు ఆ కుటుంబం అన్నిటికన్నా పాతది. అదే బెల్లుల వరుసలో యిల్మజ్, షాహిన్ అనే తుర్కీ పేర్లు కనబడతాయి. తుర్కియేలో అందరూ ఇంటిపేరు పెట్టుకోవాలన్న చట్టం 1934లో వచ్చింది. కరోనా టీకా పరిశోధనలో పేరు తెచ్చుకున్న ఉగుర్ షాహిన్ ఇంటిపేరుకు డేగ అని అర్థం.

రోజెన్‌టాల్, గోల్డ్‌బెర్గ్ లాంటి యూదు కుటుంబాల పేర్లు మాత్రం బెల్లుల పక్కన కన్నా కాలిబాట మీదే ఎక్కువగా చూస్తారు. అప్పటి జర్మన్ రాజ్యమైన ప్రష్యాలో పౌరసత్వం కావాలంటే స్థిరమైన ఇంటిపేరు పెట్టుకోవాలని యూదులకు 1812లో షరతు పెట్టారు. వారు పెట్టుకున్నారు. 1939 జనవరి 1 నుంచి, యూదు పేరని నాజీలు జాబితాలో గుర్తించిన పేరు లేని మగవారంతా ‘ఇస్రాయెల్’ అని, ఆడవారంతా ‘సారా’ అని తమ పేరుకు చేర్చుకోవలసి వచ్చింది. ఏరివేయడానికి పేరునే వాడారు. కొలోన్ కళాకారుడు గుంటర్ డెమ్నిగ్ 1990లలో మొదలుపెట్టిన ఇత్తడి ఫలకాలు, అరచేయంత చదరాలు, ఇప్పుడు లక్ష దాటాయి. ‘ఇక్కడ నివసించారు’ అని మొదలై ఒక పేరు, పుట్టిన సంవత్సరం, చంపిన చోటు ఉంటాయి. మీ ఇంటి ముందు ఉంటే ఆగి చదవండి. ఆ మనిషి మీ గుమ్మంలోనే ఉండేవారు.

పిలుపు విషయంలో తొందరపడకండి. ‘హెర్’ (శ్రీ), ‘ఫ్రావ్’ (శ్రీమతి) తరువాత ఇంటిపేరే రావాలి, పెట్టిన పేరు కాదు. ‘హెర్ థోమాస్’ అని ప్రొఫెసరుకు రాయవద్దు, ఆయన ఇంటిపేరే థోమాస్ అయితే తప్ప. అలాంటివారూ ఉన్నారు, వెర్నర్, హెర్మన్, ఫ్రీడ్‌రిష్ కూడా ఇంటిపేర్లుగా ఉన్నాయి. ఊహించకుండా సంతకం చూసి రాయండి. ఆండ్రేయా, సిమోనె ఇక్కడ ఆడవారి పేర్లు, ఇటలీ నుంచి వచ్చిన సహోద్యోగి అయితే మగవాడు. పెద్దవారు తామే ‘నువ్వు’ అనమనేదాకా మీరు అనే పిలవండి. అన్నాక పెట్టిన పేరుతో హాయిగా పిలవవచ్చు. ఆ పేర్లకూ అర్థాలున్నాయి: ఫ్రీడ్‌రిష్‌లో శాంతి, పాలకుడు అనే మాటలున్నాయి, గెర్‌హార్డ్‌లో బల్లెం, గట్టిదనం ఉన్నాయి. హాన్స్, యాన్, యెన్స్ ముగ్గురూ యోహాన్నెస్‌లే, క్లౌస్ నికోలౌస్‌లో తోకభాగం.

ఫోనులో మీ పేరు చెప్పేటప్పుడు అక్షరాలు విడగొట్టి చెప్పడం నేర్చుకోండి. ఎ కు ‘ఆంటోన్’, బి కి ‘బెర్టా’ అనే పాత వరుసే ఎక్కువమందికి అలవాటు. అందులో డి కి ఉన్న డావిడ్‌ను, ఎన్ కి ఉన్న నాథన్‌ను యూదు పేర్లని 1934లో తీసేసి డోరా, నార్డ్‌పోల్ పెట్టారు. 2022లో ఊర్ల పేర్లతో కొత్త వరుస వచ్చింది. రెండిట్లో ఏదైనా పరవాలేదు, మీ ఇంటిపేరు వరకు కాగితం మీద రాసుకుని ఫోను పక్కన పెట్టుకోండి.

సరే, ఇంత భయపెట్టాను కనుక ఇది కూడా చెబుతాను. వెనక్కి పోయిన ఉత్తరాలను మళ్లీ పంపిస్తారు. పన్ను సంఖ్యను కేంద్ర పన్ను కార్యాలయానికి రాసి మళ్లీ తెప్పించుకోవచ్చు. కోసిన ఎక్కువ పన్ను ఏడాది ముగిశాక రిటర్ను వేస్తే తిరిగి వస్తుంది. మీ పేరు నోరు తిరగక ఇబ్బంది పడే గుమస్తా మూడోసారికి సరిగ్గా అంటారు, వారి ఇంటిపేరును కూడా సగం ఊరు తప్పుగా రాస్తుంది కనుక ఓపిక ఉంటుంది. కొన్ని నెలల్లో అన్నీ కుదురుకుంటాయి, అందరికీ కుదిరాయి. డబ్బా మీద, బెల్లు దగ్గర రెండు చోట్లా అంటించండి. ఒక చోట సరిపోదు.