కాలువలు కట్టేలోగా: రోగనిరోధక శక్తి తగ్గినవాళ్లున్న ఇంట్లో నీళ్ల జాగ్రత్తలు

దాళ్వా (రబీ వరి) కోతకొచ్చి గోదావరి డెల్టా కాలువలు కట్టేశారంటే, అంటే నీళ్లు ఆపేశారంటే, మళ్లీ జూన్‌లో ధవళేశ్వరం ఆనకట్ట నుంచి వదిలేదాకా ఊళ్లన్నీ మంచినీళ్ల చెరువుల్లో నింపుకున్న నీళ్లతోనే గడపాలి. చెరువు అడుగంటుతున్న కొద్దీ కుళాయిలో ఒండ్రు, పచ్చటి నాచు వాసన మొదలవుతాయి. సరిగ్గా అదే సమయంలో డాబా మీది నల్ల ట్యాంకు పొద్దంతా ఎండలో కాగుతుంది. ఆరోగ్యంగా ఉన్నవాళ్లకు ఇది చిరాకు, అంతే. కిడ్నీ మార్పిడి చేయించుకున్నవాళ్లకు, కీమోథెరపీలో ఉన్నవాళ్లకు, నెలల తరబడి ప్రెడ్నిసోలోన్ అనే స్టెరాయిడ్ మింగేవాళ్లకు మాత్రం ఆ గోరువెచ్చటి నీళ్లు లెజియోనెల్లా అనే బాక్టీరియా తెచ్చే న్యుమోనియాకి దారి కావచ్చు.

1976లో ఫిలడెల్ఫియాలో అమెరికన్ లీజియన్ అనే మాజీ సైనికుల సంఘం సభకు వెళ్లొచ్చినవాళ్లు వరసగా న్యుమోనియాతో పడిపోయారు. మరుసటి ఏడాది దొరికిన ఆ బాక్టీరియాకి సంఘం పేరే అతుక్కుంది. చెరువుల్లో, కాలువల్లో, తడి మట్టిలో ఇది ఎప్పుడూ కొద్దిగా ఉంటుంది. 20 డిగ్రీల లోపు ముడుచుకుని పడుంటుంది. 25 నుంచి 45 డిగ్రీల మధ్య పెరుగుతుంది, 35 దాటాక దానికి పండగే. 50 డిగ్రీల నీళ్లలో గంటల తరబడి బతికి ఉండగలదు. 60 దగ్గర నిమిషాల్లో చస్తుంది. పైగా ఒంటరిగా ఉండదు. ట్యాంకు గోడకి, పైపు లోపల పట్టిన పాకుడులో, అక్కడ తిరిగే అమీబాల కడుపులో దాక్కుంటుంది. దానికి ఇనుము కావాలి, కాబట్టి తుప్పు పట్టిన పాత జీఐ (జింకు పూత ఇనుప) పైపులంటే మరీ ఇష్టం.

ఇది నీళ్లు తాగితే వచ్చే జబ్బు కాదు. నీళ్లు సన్నటి తుంపరగా మారి ఊపిరితో లోపలికి పోతే వస్తుంది. పక్షవాతం వచ్చినవాళ్లకు, మింగడం కష్టమైనవాళ్లకు పొలమారి నీళ్లు ఊపిరితిత్తుల్లోకి జారినా రావచ్చు. మనిషి నుంచి మనిషికి అంటుకోదు. రోగికి కంచం, మంచం వేరు చేయక్కర్లేదు. దూరం పెట్టాల్సింది షవర్‌ని.

ఎవరి ఇంట్లో ఈ పనులు తప్పనిసరి? పైన చెప్పినవాళ్లే కాక, రోగనిరోధక శక్తిని అణచే టాక్రోలిమస్, సైక్లోస్పోరిన్, మైకోఫినోలేట్ వాడేవాళ్లు, కీళ్లవాతానికి అడాలిముమాబ్, ఇన్‌ఫ్లిక్సిమాబ్ ఇంజెక్షన్లు తీసుకునేవాళ్లు, రక్త క్యాన్సర్ ఉన్నవాళ్లు, డయాలసిస్ మీద ఉన్నవాళ్లు. షుగరు, పాత ఊపిరితిత్తుల జబ్బు, యాభై దాటిన వయసు, చుట్టా బీడీ తోడైతే ముప్పు ఇంకా పెరుగుతుంది. మోకాళ్ల నొప్పులకని పొట్లాల్లో కట్టిచ్చే పొడుల్లో స్టెరాయిడ్ కలపడం కొత్త సంగతేమీ కాదు. అలాంటి పొడి నెలల తరబడి వాడుతున్న పెద్దవాళ్లనీ ఈ లెక్కలోనే చూడండి.

ట్యాంకు

కాలువలు కట్టడానికి వారం ముందే ఇది అయిపోవాలి. తర్వాత కడగడానికి నీళ్లు చాలవు, వచ్చినవీ బురదగా ఉంటాయి. రోగి ఈ పని చేయకూడదు, సాయంత్రం దాకా ఆ వైపు రాకూడదు.

ముందు ట్యాంకు పూర్తిగా ఖాళీ చేసి, అడుగున పేరుకున్న ఒండ్రు ఎత్తేసి, గోడలు బ్రష్షుతో రుద్దాలి. వేలితో రాస్తే జారుడు తగలకూడదు. చాలామంది ఈ రుద్దుడు ఎగ్గొట్టి బ్లీచింగ్ చల్లి ఊరుకుంటారు. పాకుడు పొర కింద ఉన్నదానికి క్లోరిన్ అందదు, అమీబా లోపల ఉన్నదానికి అసలే అందదు. రుద్దకుండా వేసిన బ్లీచింగ్ నాలుగు రోజుల తృప్తికే పనికొస్తుంది.

తర్వాత ట్యాంకు నింపండి. 1000 లీటర్లకు 25 శాతం క్లోరిన్ ఉన్న బ్లీచింగ్ పౌడర్ 200 గ్రాములు సరిపోతుంది, లీటరుకు 50 మిల్లీగ్రాముల క్లోరిన్ లెక్క. 500 లీటర్లయితే 100 గ్రాములు. ప్లాస్టిక్ బక్కెట్లో కలిపి పావుగంట తేరనిచ్చి, పైతేట మాత్రమే ట్యాంకులో పోయాలి. అడుగున మిగిలే సున్నం పోస్తే పైపుల్లో పేరుకుంటుంది. తెరిచి నెలలైన, ఘాటు పోయిన పొట్లం వాడితే శ్రమే మిగులుతుంది.

షవర్ తలలు ఊడదీసి, ఇంట్లో ఒక్కో కుళాయీ క్లోరిన్ వాసన వచ్చేదాకా వదిలి కట్టేయండి. కనీసం గంట ఆగి, మొత్తం వదిలేసి, మంచినీళ్లు నింపి, వాసన తగ్గేదాకా పారించండి. దీనికి ముందు రెండు వాల్వులు మూయడం మరవొద్దు: గీజరుకు వెళ్లేదొకటి, ఆర్వో ఫిల్టరుకు వెళ్లేది రెండోది. ఆర్వో పొర క్లోరిన్‌కి పాడవుతుంది. బాత్‌రూమ్ యాసిడ్‌నీ బ్లీచింగ్‌నీ ఒకే చోట కలిపితే విషవాయువు పుడుతుంది. ఒకటి వాడిన రోజు రెండోది ముట్టుకోవద్దు.

ట్యాంకు మీద తాటాకు పందిరి గానీ షేడ్ నెట్ గానీ వేయండి, మూత బిగుతుగా ఉండాలి. ఇద్దరే ఉండే ఇంట్లో 2000 లీటర్లు నిలవ పెట్టడం పొదుపులా కనిపిస్తుంది గానీ, అన్ని నీళ్లు రోజుల తరబడి కాగుతూ, ఉన్న కాస్త క్లోరిన్ కూడా పోగొట్టుకుంటాయి. రోజూ వాడేసి రోజూ నింపుకునేంత చాలు.

గీజరు, మేడ మీద గది

మన దగ్గర ఫాల్గుణంలో ఆపిన గీజరు మళ్లీ ధనుర్మాసానికే వేస్తారు. లోపల 15 లీటర్ల నీళ్లు ఎనిమిది తొమ్మిది నెలలు ముప్పై పైచిలుకు డిగ్రీల్లో మగ్గుతాయి. ఆపేటప్పుడే ఖాళీ చేయించండి: కరెంటు తీసి, నీళ్లు వచ్చే వాల్వు కట్టి, వేడినీళ్ల కుళాయి తెరిచి, కింది డ్రెయిన్ విప్పించాలి. తిరిగి వాడేటప్పుడు కుళాయిలో గాలి బుడగలు పోయి నీళ్లు ధారగా వచ్చాకే స్విచ్ వేయాలి. లేకపోతే కాయిల్ కాలిపోతుంది. వాడే రోజుల్లో థర్మోస్టాట్ 60 దగ్గర ఉంచండి. 40 దగ్గర పెడితే కరెంటు ఆదా అవుతుంది, బాక్టీరియాకీ హాయిగా ఉంటుంది. సోలార్ హీటరైతే శ్రావణ భాద్రపదాల మబ్బు రోజుల్లో నీళ్లు గోరువెచ్చగానే ఉండిపోతాయి. వారానికోసారి కరెంటు హీటరుతో 60కి తీసుకెళ్లి గంటసేపు ఉంచండి.

60 డిగ్రీల నీళ్లు కొన్ని సెకన్లలోనే చర్మం కాల్చేస్తాయి. షుగరుతో పాదాలు మొద్దుబారినవాళ్లకు ఆ కాలడం తెలియను కూడా తెలియదు. బక్కెట్లో ముందు చన్నీళ్లు, ఆపైన వేడినీళ్లు.

ఇక భీమవరం, పాలకొల్లు, అమలాపురం వైపు ఇళ్లలో మేడ మీద గది పిల్లలు సంక్రాంతికి వస్తేనే తెరుచుకుంటుంది. ఆ బాత్‌రూమ్ పైపులో నిలిచిన నీళ్లు కింది పైపులకు కలిసే ఉంటాయి. వారానికోసారి ఎవరైనా, రోగి కాకుండా, వెళ్లి ప్రతి కుళాయీ ఐదు నిమిషాలు పారించాలి. షవర్‌కి ప్లాస్టిక్ సంచి కట్టి, మూల కోసి, తుంపర లేకుండా వదలండి. అసలు వాడని పైపైతే మొదట్లోనే కోయించి డమ్మీ పెట్టించడం మేలు.

రోగి స్నానానికి బక్కెట్టూ చెంబూ మించినవి లేవు. షవర్‌తో పోలిస్తే తుంపర చాలా తక్కువ. బక్కెట్టు కూడా కుళాయికి గొట్టం తగిలించి అడుగు నుంచి నింపితే చిట్లదు. నిండేదాకా రోగి బయట ఉంటే మరీ మంచిది.

ముక్కుకి పెట్టే యంత్రాలు

కోవిడ్ తర్వాత చాలా ఇళ్లలో ఆక్సిజన్ కాన్సంట్రేటర్ మిగిలింది. దాని పక్కన బుడగలొచ్చే సీసాలో ఏ నీళ్లు పోస్తున్నారో చూడండి. కుళాయి నీళ్లు వద్దు, ఆర్వో నీళ్లు వద్దు, ఇన్వర్టరు బ్యాటరీకి తెచ్చిన డిస్టిల్డ్ వాటరూ వద్దు. అవేవీ సూక్ష్మజీవులు లేని నీళ్లు కావు. స్టెరైల్ వాటర్, లేదంటే బాగా మరగనిచ్చి మూత పెట్టి చల్లార్చిన నీళ్లు. రోజూ పారబోసి, కడిగి, ఆరబెట్టి కొత్తవి పోయాలి. ఉన్నదాని మీద మరికాస్త పోయడమే అసలు తప్పు. నిద్రలో ఊపిరి కోసం పెట్టుకునే సీప్యాప్ యంత్రం నీళ్ల తొట్టెకీ ఇదే. నెబ్యులైజరు కప్పు కుళాయి కింద జాడించి అలాగే మూసేస్తే మరునాటి మందుతో ఆ నీళ్ల చుక్కలూ లోపలికే పోతాయి.

స్ప్లిట్ ఏసీ గురించి భయం అక్కర్లేదు, అది నీళ్లను తుంపరగా చల్లదు. ఎయిర్ కూలర్ మాత్రం రోగి గదిలో వద్దు. తప్పదంటే తొట్టె రోజూ ఖాళీ చేసి ఆరబెట్టండి. బయట జాగ్రత్త పడాల్సినవి పెద్ద హోటళ్ల, మాల్స్ కూలింగ్ టవర్లు, ఫౌంటెన్లు, రొయ్యల వ్యాపారం ఉన్నచోట ఐస్ ఫ్యాక్టరీల మీద గొట్టాలపై నీళ్లు జారే కండెన్సర్లు. కూలింగ్ టవర్ తుంపర గాలివాటున కిలోమీటర్ల దూరం పోగలదు. మీ ఇంటి కిటికీ అటువైపుంటే గాలి అటునుంచి వీచే పూట మూసి ఉంచండి.

కడియం నర్సరీల నుంచి మొక్కలు, కంపోస్టు సంచులు తెచ్చుకునే ఇళ్లకో మాట. లెజియోనెల్లా లాంగ్‌బీచీ అనే రకం నీళ్లకన్నా కుండీల మట్టిలో, కంపోస్టులో ఎక్కువ. ఆస్ట్రేలియా, న్యూజిలాండ్‌లలో దీని కేసులు బాగా నమోదయ్యాయి. సంచి వేరేవాళ్లు విప్పాలి, ముఖానికి దూరంగా. ముందు కాస్త తడిపి కలపాలి, ఎన్95 మాస్కు ఉండాలి, చేతులు కడిగాకే తిండి. ఎండలో పడున్న రబ్బరు పైపులో తొలి నీళ్లు నేల మీదకి వదిలేసి తర్వాత మొక్కలకి పట్టండి.

జ్వరమొస్తే

సాధారణంగా 2 నుంచి 14 రోజుల్లో బయటపడుతుంది, రోగనిరోధక శక్తి తగ్గినవాళ్లకు ఇంకొంచెం ఆలస్యం కావచ్చు. పొడి దగ్గు, ఒళ్లు నొప్పులు, తలనొప్పి, ఆయాసం. వాటితోపాటు విరేచనాలు, మాట తడబడటం, మనుషుల్ని పోల్చుకోలేకపోవడం, రక్తపరీక్షలో సోడియం తగ్గడం కనిపిస్తే అనుమానం బలపడాలి. స్టెరాయిడ్ వాడేవాళ్లకు జ్వరం 99 దగ్గరే ఆగిపోవచ్చు. ఆయాసం మొదలైనా, ఆక్సిమీటరు 94 కన్నా తగ్గినా అదే పూట ఆసుపత్రికి వెళ్లాలి.

ఇక్కడ జరిగే నష్టం దాదాపు ఒకటే తీరు. ఊళ్లో మూడు రోజులు సెఫ్ట్రియాక్సోన్ ఇంజెక్షన్లు, తగ్గకపోతే మరో రెండు రోజులు. ఈ బాక్టీరియా మన కణాల లోపల దాక్కుని పెరుగుతుంది. పెన్సిలిన్ జాతి మందులు, సెఫ్ట్రియాక్సోన్ లాంటి సెఫలోస్పోరిన్ జాతి మందులు అక్కడ పనిచేయవు. అజిత్రోమైసిన్, లీవోఫ్లాక్సాసిన్ లాంటివి కావాలి. అవి మొదలయ్యేది ఎంత ఆలస్యమైతే ప్రాణానికి అంత ముప్పు.

మూత్రంతో చేసే యాంటిజెన్ పరీక్ష ప్రధానంగా లెజియోనెల్లా న్యుమోఫిలా సెరోగ్రూప్ 1 అనే ఒక్క రకాన్నే పట్టుకుంటుంది. రోగనిరోధక శక్తి తగ్గినవాళ్లకు మిగతా రకాలు కూడా ఎక్కువగా వస్తాయి కాబట్టి, నెగటివ్ వచ్చిందని కొట్టేయకూడదు. కళ్లె లేదా బ్రాంకోస్కోపీతో (ఊపిరితిత్తుల్లోకి సన్నటి గొట్టం పంపి) తీసిన నీటిని పీసీఆర్‌కీ, ప్రత్యేక కల్చర్‌కీ పంపమని అడగండి. ఎక్స్‌రేలో గుల్ల కనిపిస్తే క్షయ అనుకోవడం మన దగ్గర సహజం. నిజంగా క్షయే కావచ్చు కూడా. లీవోఫ్లాక్సాసిన్ క్షయను కొన్నాళ్లు మరుగుపరుస్తుంది. అందుకని కళ్లె నమూనా ముందు ఇచ్చి, ఫలితం కోసం ఆగకుండా మందు మొదలుపెట్టించుకోవాలి.

టాక్రోలిమస్ వాడేవాళ్లకు క్లారిత్రోమైసిన్, ఎరిత్రోమైసిన్ ఇస్తే రక్తంలో టాక్రోలిమస్ పెరిగిపోయి కిడ్నీ దెబ్బతింటుంది. టాక్రోలిమస్ వాడుతున్న సంగతి డాక్టరుకి ముందే చెప్పాలి. అలాగని జ్వరం వచ్చింది కదా అని మార్పిడి మందులో, స్టెరాయిడో సొంతంగా ఆపేయడం అంతకన్నా ప్రమాదం. ఇప్పుడే ఒక కాగితం మీద వాడుతున్న మందులు, మోతాదులు రాసి పర్సులో పెట్టుకోండి. జ్వరమొచ్చిన రోజు ఆ కాగితం వెనక వైపు, గడిచిన రెండు వారాల్లో ఏ లాడ్జిలో దిగారో, ఏ ఆసుపత్రిలో ఉన్నారో, షవర్, కూలర్, కుండీల మట్టి వాడారో రాయండి.

వైద్యం వీళ్లకు సాధారణంగా రెండు మూడు వారాలు సాగుతుంది. నాలుగో రోజుకి జ్వరం దిగినా మాత్రలు ఆపకూడదు. డిశ్చార్జి అయి ఇంటికి తెచ్చేలోగా ట్యాంకు, గీజరు పని ఇంట్లోవాళ్లు మళ్లీ మొదటి నుంచి చేయాలి. షవర్ తల పాతదే తగిలించొద్దు.