వాదన కట్టడం, విప్పడం – 4వ పాఠం: మింగిన మాట

ముందు పోయిన పాఠంలో ఇచ్చిన అభ్యాసం సంగతి తేల్చేద్దాం. పెట్రోలు ఒడిశాలో ఉన్న మా పర్లాకిమిడిలో కాస్త చవక, మహేంద్రతనయ నది దాటి ఆంధ్రాలో అడుగుపెడితే ప్రియం. మా బావమరిదిది టెక్కలి వైపు ఊరు, ఇక్కడికి ఓ 40 కిలోమీటర్లు ఉంటుంది. ప్రతి ఆదివారం బండి మీద వచ్చి ట్యాంకు నింపించుకుని పోతాడు. "లీటరుకి ఎనిమిది రూపాయలు మిగుల్తాది, లాబవే కదేటి బావా" అంటాడు. ఈ వాదన నిలుస్తుందా, పడుతుందా అని మిమ్మల్ని అడిగాను.

ధరలు రోజూ మారేవే కాబట్టి లెక్కకు వీలైన అంకెలు తీసుకుందాం. లీటరు 100 రూపాయలు, తేడా 8. పది లీటర్లు పోయిస్తే 80 మిగిలింది. రానూపోనూ 80 కిలోమీటర్లు. లీటరుకు 50 ఇచ్చే బండి అయితే లీటరున్నర పైచిలుకు, అంటే సుమారు 160 రూపాయల పెట్రోలు దారిలోనే కాలిపోయింది. 80 మిగుల్చుకోవడానికి 160 ఖర్చు.

ఇప్పుడు గమనించండి. బావమరిది నోట అబద్ధం ఒక్కటీ రాలేదు. ఇక్కడ చవకన్నది నిజం, ట్యాంకుకు 80 మిగులుతుందన్నదీ నిజం. రెండు నిజాలు పక్కపక్కన పెట్టినా ముగింపు తప్పింది. వాటికీ ముగింపుకీ నడుమ ఇంకో మాట ఉంది, అది బయటికి రాలేదు: "ఇక్కడిదాకా రావడానికి ఖర్చేమీ లేదు." దీన్నే నేను మింగిన మాట అంటాను. రోజువారీ వాదనల్లో చాలాభాగం పడేది అన్న మాట దగ్గర కాదు, మింగిన మాట దగ్గరే. మనం మాత్రం గంటసేపు అన్న మాట మీదే కొట్టుకుంటాం.

కథ ఇక్కడితో అయిపోతే నాకు బాగుండేది. ఈ లెక్కంతా కాగితం మీద వేసి ఆయన ముందు పెట్టాను. ఆయన తాపీగా టీ తాగి, "నానెలాగూ అప్పని సూడ్డానికొస్తాను కదేటి. రాకపోకల కర్చు అప్ప కాతాలోది, పెట్రోలు కాతాలోది కాదు" అన్నాడు. అప్పంటే అక్క, మా ఆవిడ. నేను గుటకలు మింగాను. ఎందుకంటే అది సరైన జవాబు. ఎలాగూ వచ్చేవాడికి దారి ఖర్చు ఎలాగూ అయ్యేదే, కాబట్టి ఆ 80 నికరంగా మిగిలినట్టే. అక్కని చూడ్డానికి వచ్చి పెట్రోలు పోయించుకుంటే లాభం, పెట్రోలు కోసం వచ్చి అక్కని చూస్తే నష్టం. మా ఆవిడ వంటింట్లోంచి, "ఇంతకీ వీడు వస్తున్నది దేనికోసమో అది తేల్చండి ముందు" అంది.

అంటే మింగిన మాట దొరకగానే ఎదుటివాడు ఓడిపోయినట్టు కాదు. అది నిజమూ కావచ్చు, అబద్ధమూ కావచ్చు. దాన్ని బయటికి తీసి, మాట్లాడినవాడినే అడగాలి. నేను అడగకుండా నా అంతట నేనే పూరించుకున్నాను, అదీ నా తప్పు.

దాన్ని బయటికి తీసే పనిముట్టు మనవాళ్ళ దగ్గర ఎప్పటినుంచో ఉంది. న్యాయశాస్త్రంలో వాదనకు ఐదు అంగాలు చెప్పారు: ప్రతిజ్ఞ, హేతువు, ఉదాహరణ, ఉపనయం, నిగమనం. పేర్లు చూసి బెదరకండి. కొండ మీద నిప్పుంది, ఇది ప్రతిజ్ఞ. ఎందుకంటే పొగ కనిపిస్తోంది, ఇది హేతువు. పొగ ఉన్నచోటల్లా నిప్పుంటుంది, వంటింట్లో చూడలేదూ, ఇది ఉదాహరణ. ఈ కొండా అలాగే పొగతో ఉంది, కాబట్టి నిప్పుంది. చివరి రెండూ ఉపనయం, నిగమనం. మనకు కావలసింది మూడో అంగం. మనం మాట్లాడేటప్పుడు మొదటి రెండూ అంటాం, మూడోదాన్ని మింగేస్తాం. "పొగ ఉన్నచోటల్లా నిప్పు" అన్న ఆ ముడికి శాస్త్రంలో వ్యాప్తి అని పేరు. ఎవరైనా "ఇది ఇలా, ఎందుకంటే అది అలా" అన్నప్పుడు, మీరు మనసులో "అలా ఉన్నచోటల్లా ఇలా ఉంటుందా?" అని అడగండి. మింగిన మాట దానంతటదే బయటికి వస్తుంది.

ఈ పోలిక మా ఊరివాళ్ళకు పుస్తకంలోంచి వచ్చినది కాదు. ఎండాకాలంలో సవర కొండల మీద పోడు కాలుస్తుంటే పొగ ఇక్కడికి కనిపిస్తుంది. మరి చలికాలం పొద్దున్న మహేంద్రగిరి వైపు తెల్లగా లేచేది? అది మంచు. దాన్ని చూసి నిప్పంటే, వ్యాప్తి సరైనదే, హేతువే లేదు. ఇంకోటి కూడా ఉంది. పొగ ఉంటే నిప్పుంటుంది గానీ నిప్పుంటే పొగ ఉండాలని లేదు. కమ్మరి కొలిమిలోంచి తీసిన ఎర్రటి ఇనుములో నిప్పుంది, పొగేదీ? పొగ రావాలంటే నిప్పుకు పచ్చికట్టె తోడవ్వాలి. "ఉద్యోగం వచ్చినవాళ్ళు బాగా చదివినవాళ్ళే" అన్నదాన్ని తిరగేసి "ఉద్యోగం రాలేదంటే చదవలేదన్నమాటే" అని గుంటల్ని తిట్టే తండ్రులున్నారు. వాళ్ళకు ఆ పచ్చికట్టె సంగతి చెప్పాలి. చదువు ఒక్కటే చాలదు, ఖాళీలుండాలి, పరీక్ష జరగాలి.

ఇక ఈ పాఠంలో అసలు పని. మా మనవడికి జలుబూ జ్వరమూ వచ్చాయి. మూడో రోజు నేను శొంఠి, మిరియాలు వేసి కషాయం పెట్టి ఇచ్చాను. నాలుగో రోజుకు లేచి ఆడుకున్నాడు. "చూశారా నా కషాయం" అన్నాను. కోడలు మెల్లిగా, "మూడో రోజున ఇచ్చారు కదా మావయ్యా, అప్పటికి తగ్గే టైమే కాదా?" అంది.

కాకి వచ్చి తాటిచెట్టు మీద వాలింది, అదే క్షణాన పండు రాలింది. కాకి వల్ల రాలిందా? కాకతాళీయం అన్న మాట మనం రోజూ వాడతాం గానీ, మన విషయంలో వాడం. ఎదుటివాడి కాకి కాకతాళీయం, మన కాకి కారణం. "ముందు ఇది జరిగింది, తర్వాత అది జరిగింది" అన్నది హేతువు. "ముందు జరిగినదే తర్వాతి దానికి కారణం" అన్నది మింగిన మాట. జలుబుతో వచ్చే జ్వరాలు చాలావరకు కొద్ది రోజుల్లో వాటంతటవే తగ్గేవి, పైగా జ్వరం ముదిరాకే మనం కషాయం పొయ్యి మీద పెడతాం. కాబట్టి తగ్గేముందు కషాయం ఉండి తీరుతుంది.

అయితే కషాయం పనిచేయలేదా? అదీ తేలలేదు. తేల్చాలంటే ఒక కాగితం మీద నాలుగు గళ్ళు గీయండి. పై వరసలో "ఇచ్చాం – రెండు రోజుల్లో తగ్గింది", "ఇచ్చాం – తగ్గలేదు". కింది వరసలో "ఇవ్వలేదు – తగ్గింది", "ఇవ్వలేదు – తగ్గలేదు". ఇప్పుడు మీకు గుర్తున్న జ్వరాలన్నీ ఏ గడిలోది ఆ గడిలో వేయండి. నేను వేశాను. మొదటి గడి గీతల్తో నిండిపోయింది. రెండో గడిలో ఒకటి, అదీ మా ఆవిడ గుర్తుచేస్తే. కింది గళ్ళు రెండూ ఖాళీ. కషాయం ఇవ్వని జ్వరాలు మా ఇంట్లో లేవా? బోలెడు. వాటిని ఎవరు గుర్తుపెట్టుకుంటారు? వాదనకు నాలుగు గళ్ళూ కావాలి, మనసు మాత్రం ఒక్క గడినే పట్టుకుని ఊగుతుంది. మొదటి గడి ఎంత నిండినా, కింది వరసతో పోల్చకుండా దాని విలువ సున్నా. ఇచ్చినప్పుడూ ఇవ్వనప్పుడూ ఒకే తీరుగా తగ్గుతుంటే కషాయానికి మార్కులు పడవు. (ఇప్పటికీ పెడుతున్నాను. గొంతుకు హాయిగా ఉంటుంది, అది వేరే వాదన.)

దీనికి చెల్లెలు లాంటిది మెతుకు వాదన. అన్నం ఉడికిందో లేదో ఒక్క మెతుకు పట్టి చూస్తే చాలంటాం. శాస్త్రంలో స్థాలీపులాక న్యాయం అంటారు. మంచి న్యాయమే, కానీ గిన్నె అంతటికీ ఒకే నీళ్ళు, ఒకే మంట అన్న మాట అందులో దాగి ఉంది. సంతలో మామిడిపళ్ళ బుట్టకు ఇది పనిచేయదు. పైన ఏ పళ్ళు పెట్టాలో అమ్మేవాడి చేతిలో ఉంది. మీకు కోసి రుచి చూపించే ముక్క మీరు ఎంచినదా, ఆయన ఎంచినదా? అడుగునుంచి ఒకటి తీయమనండి.

ఈ విద్య పెద్ద ఎత్తున ఎలా పనిచేస్తుందో చూడాలంటే ఎక్కడికో పోనక్కర్లేదు. గిడుగు రామమూర్తి పంతులు ఈ ఊళ్ళోనే పాఠాలు చెప్పారు. కొండ మీది సవరల భాష నేర్చుకుని, వాళ్ళ పిల్లలకు ఆ భాషలోనే చదువు చెప్పించాలని పూనుకున్న మనిషి. ఆయన పుట్టిన ఆగస్టు 29నే ఇప్పుడు తెలుగు భాషా దినోత్సవం. పుస్తకాలు వాడుక తెలుగులో ఉండాలని ఆయనంటే, గ్రాంథికవాదుల జవాబు: "వాడుక భాష ఊరికో తీరు, దానికి నియమం లేదు, కాబట్టి రాతకు పనికిరాదు." వినడానికి గట్టిగానే ఉంది. ఊరికో తీరన్నది నిజం కూడా, మా బావమరిది మాటే సాక్ష్యం. పంతులుగారు ఆ నిజంతో పేచీ పెట్టుకుని ఊరుకోలేదు. ఇందులో మింగిన మాట ఏమిటి? "గ్రాంథికమైతే అందరూ నియమం తప్పకుండా రాస్తున్నారు" అన్నది. ఆయన దాన్ని బయటికి లాగారు. గ్రాంథికం రాసే పండితుల రాతల్లోంచే, వాళ్ళు నమ్మిన వ్యాకరణం ప్రకారమే, తప్పులు ఏరి చూపించారు. ఎదుటివాళ్ళ తూకపురాళ్ళతోనే ఎదుటివాళ్ళ సరుకు తూచడం అన్నమాట. 1936లో ఒడిశా రాష్ట్రం ఏర్పడి పర్లాకిమిడి అందులో కలిసినప్పుడు ఆయన ఊరు విడిచి రాజమండ్రి వెళ్ళిపోయారు. అన్ని వాదనలూ వాదనతోనే తేలవని కూడా ఆయనకు తెలిసే ఉంటుంది.

వచ్చే పాఠానికి అభ్యాసం. మా వీధిలో ఒక ఇంట్లో ఐదేళ్ళ గుంటణ్ణి ఏ బడిలో వేయాలా అని నెలరోజులుగా పంచాయితీ. మేనత్త అంటుంది: "ఒడియా మీడియంలోనే ఎయ్యండి. మన ఈదిలో గవర్నమెంటు ఉద్యోగాలొచ్చిన ముగ్గురూ అందులో సదివినోళ్ళే." నాయనమ్మ అంటుంది: "తెలుగు అచ్చరం రాకపోతే రేపు శ్రీకాకుళం నుంచి పిల్లనెవులిత్తారు?" తండ్రి ఇద్దరి మాటా సరేనని, ఇంగ్లీషు మీడియం ఫీజు ఎంతో కనుక్కుని వచ్చాడు.

ముగ్గురి వాదనలూ విడివిడిగా రాయండి. తండ్రి నోరు విప్పలేదు కాబట్టి ఆయన వాదన మొత్తం మింగినదే, అయినా రాయండి. ఒక్కోదాంట్లో మింగిన మాట కింద గీత గీయండి. తర్వాత నాలుగు గళ్ళు గీసి, మేనత్త చెప్పిన ముగ్గురినీ ఏ గడిలో వేయాలో వేయండి. మిగతా మూడు గళ్ళు నిండాలంటే ఆ వీధిలో ఏయే ఇళ్ళ తలుపు తట్టాలో, వాళ్ళను ఏమని అడగాలో, వాళ్ళు నొచ్చుకోకుండా ఎలా అడగాలో కూడా రాయండి.