ఫంక్షన్ హాల్లో మాట గింగురుమంటుంటే: కొబ్బరి పీచు పలకలతో మోత తగ్గించడం

కోనసీమలో ఈమధ్య కట్టే ఫంక్షన్ హాళ్లు దాదాపు ఒక్క తీరే. కింద టైల్సు, చుట్టూ పుట్టీ పట్టించి రంగేసిన గోడలు, పైన కాంక్రీటు శ్లాబు. పంతులుగారు మంత్రం చదువుతుంటే నాలుగో వరసకే అక్షరాలు ఒకదానిమీదొకటి ఎక్కేస్తాయి. మైకుసెట్టు కుర్రాడు సౌండు పెంచుతాడు. గోడల నుంచి తిరిగొచ్చే శబ్దమూ అంతే పెరుగుతుంది కాబట్టి ఒరిగేదేమీ లేదు. పాత మండువా లోగిళ్లలో ఈ బాధ లేదు. పెంకుల సందుల్లోంచి, మండువా పైనుంచి శబ్దం బయటికి పోయేది.

ముందు చప్పట్లతో జబ్బు పోల్చుకోండి. హాలు ఖాళీగా ఉన్నప్పుడు ఫ్యాన్లన్నీ ఆపి, వేదిక మీంచి గట్టిగా ఒక్క చప్పట్టు కొట్టండి. కాసేపటికి విడిగా ఇంకో ‘టప్’ వినిపిస్తే అది ఎదురుగోడ పని. 30 డిగ్రీల వేడిలో శబ్దం సెకనుకు సుమారు 349 మీటర్లు పోతుంది. గోడ 18 మీటర్ల దూరంలో ఉంటే వెళ్లి రావడానికి 0.1 సెకను పడుతుంది. 0.05 సెకను లోపు తిరిగొచ్చింది అసలు మాటలోనే కలిసిపోతుంది. అది దాటితే చెవి రెండో మాటగా పట్టుకుంటుంది. హాలు మధ్యలో కొట్టినప్పుడు ‘టరరర’మంటే ఎదురెదురు గోడలు రెండూ శబ్దాన్ని బంతిలా విసురుకుంటున్నట్టు. ఈ రెండూ కాక ‘గుంయ్’మని సాగుతూ ఉంటే అది హాలంతటి మోత.

ఈ మోతని పీల్చే కొబ్బరి పీచు పలకలు ఎన్ని కావాలో లెక్క కట్టాలి. 1890ల్లో హార్వర్డ్‌లో వాలెస్ సబీన్ అనే ఆయన, ఒక లెక్చర్ హాల్లోకి థియేటర్ సీట్ల మెత్తలు మోయించి, వాటి సంఖ్య మారుస్తూ మోత కొలిచి తేల్చిన సూత్రమే ఇప్పటికీ వాడేది. మోత సెకన్లలో = 0.161 × హాలు ఘనపరిమాణం ÷ మొత్తం పీల్పు. మోత అంటే శబ్దం ఆపాక అది అణిగిపోవడానికి పట్టే సమయం. పీల్పు అంటే గోడో కప్పో ఎన్ని చదరపు మీటర్లుందో, దాన్ని అది శబ్దంలో పీల్చే వంతుతో గుణిస్తే వచ్చేది. 18 × 12 × 4 మీటర్ల హాలు తీసుకోండి. ఘనపరిమాణం 864, దాన్ని 0.161తో గుణిస్తే 139. నేల, కప్పు, గోడలు కలిపి 672 చదరపు మీటర్లు. తలుపులూ కిటికీలూ కలుపుకుని సగటున 0.04 వంతు పీలుస్తాయనుకుంటే పీల్పు 27. అంటే ఖాళీ హాల్లో మోత 5 సెకన్లు! వంద మంది కూర్చుంటే మనిషికి 0.45 చొప్పున ఇంకో 45 కలిసి పీల్పు 72 అవుతుంది, మోత 2 సెకన్ల లోపుకి దిగుతుంది. మాట స్పష్టంగా వినపడాలంటే 1.2 దగ్గరికి రావాలి, దానికి 116 పీల్పు కావాలి. తక్కువైన 44ని పీచు పలక పీల్చే వంతు 0.6తో భాగిస్తే సుమారు 75 చదరపు మీటర్లు. నాలుగడుగులు × రెండడుగుల పలకలు వంద.

పలకకి ముప్పాతిక అంగుళం చెక్కతో నాలుగంగుళాల లోతు ఫ్రేము చేయించండి. మామిడి చెక్క వద్దు, పురుగు పడుతుంది. లోపల పరుపుల్లో వాడే రెండంగుళాల రబ్బరు కలిపిన పీచు షీటు పెట్టాలి. డొక్కల నుంచి తీసిన విడి పీచైతే పొట్టు బాగా దులపాలి, లేకపోతే ఏడాదంతా టైల్సు మీద ఎర్రపొడి రాలుతుంది. షీటు ముందువైపు ఉండి, వెనక గోడకీ దానికీ మధ్య రెండంగుళాల ఖాళీ మిగలాలి. గోడకి అంటుకున్న చోట గాలి కదలిక ఉండదు, పీచు అక్కడ పట్టుకునేదేమీ లేదు. కొంచెం ఎడంగా ఉంటే అదే షీటు ఇంకా కింది స్వరాల దాకా పీలుస్తుంది. షీటు జారకుండా వెనక కోళ్లగూటి వల కొట్టండి.

పైన తొడిగే గుడ్డ దగ్గరే చాలామంది పని చెడగొట్టుకుంటారు. గుడ్డని నోటికి ఆనించి ఊదండి. అవతల చేతికి గాలి తగిలితే పనికొస్తుంది. గోనెపట్టా భేషుగ్గా ఉంటుంది. రెక్సిన్, ఫ్లెక్సీ తొడిగారో, పైన పెయింటు కొట్టారో, మళ్లీ గోడ కట్టినట్టే. కోడిగుడ్ల అట్టలు అంటించమని సలహా ఇచ్చేవాళ్లు ప్రతి ఊళ్లోనూ ఉంటారు. పల్చటి అట్ట మాటల మోతని పెద్దగా పీల్చదు, నిప్పంటుకుంటే మాత్రం భగ్గుమంటుంది. థర్మోకోల్ కూడా అంతే, దాని లోపలికి గాలి దూరదు.

పీచూ మండేదే. 700 గ్రాముల బోరాక్స్, 300 గ్రాముల బోరిక్ పొడి ఏడు లీటర్ల వేడినీళ్లలో కరిగించి, గోనెపట్టాని ముంచి, పీచు మీద చల్లి, పూర్తిగా ఎండబెట్టండి. చెదలకీ పనిచేస్తుంది. తడిస్తే మందు కొట్టుకుపోతుంది కనుక మళ్లీ పట్టించాలి. ఎంత మందేసినా హోమం దగ్గరా, వంటశాల తలుపు దగ్గరా, కరెంటు బోర్డుల చుట్టూ పలకలు వద్దు.

మొదటి పలకలు వేదికకి ఎదురుగోడకే. తర్వాత అద్దం పట్టండి. శబ్దం గోడని ఏ కోణంలో తాకితే అదే కోణంలో మళ్లుతుంది, వెలుగులాగే. ఒకరు కుర్చీలో కూర్చుంటే ఇంకొకరు పక్కగోడ వెంట అద్దం జరుపుతూ పోవాలి. అద్దంలో సౌండు పెట్టె కనిపించిన చోట సుద్దతో గీత పెట్టి, అక్కడ పలక బిగించండి. ఎదురెదురు గోడల్లో ఒకదానికి వేస్తే ‘టరరర’ చాలావరకు ఆగుతుంది. నేల నుంచి మూడడుగులు వదలండి, పిల్లల కాళ్లూ కూరల చేతులూ తగలకుండా. పలక ఏడెనిమిది కిలోలు తూగుతుంది కనుక రెండేసి కొక్కేలు వేయండి. గోడలు చాలకపోతే మిగతావి శ్లాబుకి వేలాడదీయొచ్చు.

సన్నాయి మోత తగ్గి డోలు మోత తగ్గలేదని కంగారుపడకండి. 100 హెర్ట్జ్ శబ్దం అలే మూడున్నర మీటర్లు, నాలుగంగుళాల పలకకి అది లొంగదు. డీజే బాక్సుల్ని మూలల్లోంచి ముందుకు జరిపితే కొంత నయం.

వానాకాలం గోడలు చెమర్చే హాళ్లలో పలక అడుగున వేలు పట్టేంత సందు వదలండి. నెలకోసారి ఉత్తరపు గోడ నుంచి ఒక పలక దించి వెనక చూడండి. నల్లచుక్కలు గానీ, ముక్కవాసన గానీ, గోడ మీద చెదల మట్టిదారి గానీ కనిపిస్తే ఆ వరసంతా దించి రెండు రోజులు గట్టి ఎండలో పెట్టి, మందు మళ్లీ పట్టించాకే ఎక్కించండి.