అద్దె బకాయి దావాలో కోర్టు డిపాజిట్ షరతును ఎలా పాటించాలి?

హైదరాబాదులో ఇంటి యజమాని అద్దె బకాయిల కోసం, ఇల్లు ఖాళీ చేయించడం కోసం కోర్టుకు వెళ్లినప్పుడు, అద్దెదారు తన వాదన వినిపించాలంటే ముందుగా డబ్బు కట్టవలసి ఉంటుంది. న్యాయం తమ వైపే ఉన్నా ఈ ఒక్క షరతు తప్పి కేసు పోగొట్టుకునే కుటుంబాలను తలచుకుంటే బాధ కలుగుతుంది.

సమన్లు అందగానే అవి ఎక్కడి నుంచి వచ్చాయో చూడండి. నెల అద్దె 3,500 రూపాయలు దాటిన ఇళ్ల వివాదాలు సివిల్ కోర్టుకు వెళ్తాయి. సమన్లు రెంట్ కంట్రోలర్ (తక్కువ అద్దె ఇళ్ల వివాదాలను విచారించే అధికారి) నుంచి వస్తే 1960 నాటి అద్దె నియంత్రణ చట్టంలోని 11వ సెక్షన్ వర్తిస్తుంది. అక్కడ బకాయి అంతా చెల్లించకుండా కేసును ఎదుర్కొనే హక్కు ఉండదు, తగిన కారణం చూపకపోతే ఇల్లు అప్పగించమని ఉత్తర్వు వస్తుంది.

సివిల్ కోర్టులో, అద్దె ఒప్పందం ముగిసిన తరువాత వేసిన దావాకు సివిల్ ప్రొసీజర్ కోడ్ (సివిల్ కేసుల విచారణ పద్ధతి చెప్పే చట్టం)లోని ఆర్డర్ 15-ఎ వర్తిస్తుంది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ కాలంలో చేర్చిన ఈ నిబంధన ప్రకారం, జవాబు దావా (అద్దెదారు రాతపూర్వకంగా ఇచ్చే సమాధానం) వేసేటప్పుడే వివాదం లేని బకాయిని కోర్టులో జమ చేయాలి. ఉదాహరణకు నెలకు 18,000 చొప్పున నాలుగు నెలల అద్దె 72,000 రూపాయలు బాకీ ఉండగా, యజమాని మాట మీద మోటారు మరమ్మతుకు 20,000 ఖర్చు పెట్టానని మీరు అంటే, వివాదం లేనిది 52,000. అయితే మరమ్మతుకు రాతపూర్వక ఆధారం లేకపోతే, “నా అభ్యంతరాలకు భంగం కలగకుండా” అని రాసి మొత్తం 72,000 కట్టడమే క్షేమమని నా అభిప్రాయం. బకాయే లేదని మీరు వాదిస్తే, ఇరుపక్షాల మాట విన్నాక కోర్టే మొత్తాన్ని తేల్చి గడువు పెడుతుంది. కారణాలు నమోదు చేసి ఆ గడువును 15 రోజులకు మించకుండా పొడిగించవచ్చు.

అసలు చిక్కు ఆ తరువాతి నెలల్లో వస్తుంది. తీర్పు వెలువడే దాకా, అద్దె చెల్లించవలసిన రోజు నుంచి వారం లోపల ప్రతి నెలా డిపాజిట్ చేస్తూనే ఉండాలి. ఒప్పందంలో 5వ తేదీ అని ఉంటే 12వ తేదీ దాటకూడదు. చలానా సిద్ధం కావడానికి సమయం పట్టవచ్చు కాబట్టి మొదటి తేదీకే న్యాయవాదికి గుర్తు చేయండి; కట్టిన రసీదు నకలు ఇంట్లో ఉంచుకుని, ఏ నెల అద్దెకు కట్టారో దాని వెనుకే రాసిపెట్టండి. వాయిదా లేని నెలలో కూడా డిపాజిట్ ఆగకూడదు.

ఈ డిపాజిట్లు కట్టకపోతే కోర్టు మీ జవాబును కొట్టివేస్తుంది. యజమాని చెప్పినదే ప్రధానంగా మిగులుతుంది. యజమానులు కూడా ప్రతి నెలా జమ వివరాలు పరిశీలించి, డబ్బు పడకపోతే వెంటనే దరఖాస్తు వేయవచ్చు, పడినదాన్ని దావా ముగిసేదాకా ఆగకుండా తీసుకోవచ్చు.