పాస్‌పోర్ట్ అప్లై చేసే ముందు టెన్త్ మెమో ఎక్కడుందో వెతుక్కోండి

పోయిన నెల మా పిన్ని కొడుకు ఫోన్ చేశాడు. అన్నయ్యా కువైట్‌లో డ్రైవర్ పని కుదిరింది, కానీ పాస్‌పోర్ట్ మీద ఈసీఆర్ అని ఉందంట, పాతిక వేలు కడితే క్లియర్ చేయిస్తానని ఏజెంట్ అంటున్నాడు, కట్టెయ్యమంటావా అని. ఈసీఆర్ అంటే గల్ఫ్ లాంటి కొన్ని దేశాలకి పనికి వెళ్ళాలంటే ముందు ప్రభుత్వ క్లియరెన్స్ కావాలని పాస్‌పోర్ట్ మీద వేసే ముద్ర. వాడు టెన్త్ పాసు, ఇంటర్ కూడా చదివాడు. మరి ఈసీఆర్ ఎందుకు పడిందిరా అంటే అప్పుడు బయటపడింది అసలు సంగతి. అప్లై చేసే రోజుకి ఒరిజినల్ మెమో కాలేజీలో ఉండిపోయింది, ఫీజు బాకీ ఉందని వాళ్ళు ఇవ్వలేదు. నెట్ సెంటర్ కుర్రాడేమో "ఏం పర్లేదు, తొమ్మిది వరకే చదివానని పెట్టేద్దాం, ఎవడూ అడగడు" అని పెట్టేశాడు. నిజంగానే ఎవడూ అడగలేదు. పాస్‌పోర్ట్ కూడా వచ్చేసింది, ఈసీఆర్ అచ్చేసుకుని మరీ.

ఇలాంటివాళ్ళు మా వైపు ఊరికి నలుగురు ఉంటారు, అందుకే రాస్తున్నా.

ముందు డబ్బుల సంగతి చెప్పేస్తా. పెద్దవాళ్ళకి 36 పేజీల పాస్‌పోర్ట్, పదేళ్ళ గడువు, 1500 రూపాయలు. 60 పేజీలదైతే 2000. తత్కాల్‌లో కావాలంటే ఇంకో 2000 కలుపుకోండి. పద్దెనిమిది లోపు పిల్లలకి ఐదేళ్ళదైతే 1000. కొత్తగా తీసుకునేవాళ్ళలో ఎనిమిదేళ్ళ లోపు పిల్లలకి, అరవై దాటినవాళ్ళకి పది శాతం తగ్గుద్ది. పాస్‌పోర్ట్ పోగొట్టుకుంటే మాత్రం 3000. అంతే, ఇంతకుమించి ప్రభుత్వానికి కట్టేది లేదు. మా దగ్గర నెట్ సెంటర్లో 4000, 5000 తీసుకుంటున్నారు, ఫీజు పోను మిగతాదంతా ఫారం నింపినందుకే. నింపినందుకు ఓ రెండొందలు ఇవ్వండి తప్పులేదు, కానీ "లోపల మనవాళ్ళు ఉన్నారు" అన్నాడంటే లేచి వచ్చేయండి.

అప్లై చేసే సైటు పేరు చివర జీఓవీ డాట్ ఇన్ అని ఉండాలి. అచ్చం అలాంటి పేర్లతోనే డాట్ ఓఆర్‌జీ, డాట్ కామ్ సైట్లు ఉన్నాయి, విదేశాంగ శాఖే జాగ్రత్త అని చెప్పింది, వాటిలో కడితే డబ్బులు పోయినట్టే. ఫోన్‌లో చేసుకునేవాళ్ళకి ఎమ్‌పాస్‌పోర్ట్ సేవా యాప్ ఉంది. రిజిస్టర్ అవ్వడం, ఫారం నింపడం, డబ్బు కట్టి స్లాట్ బుక్ చేసుకోవడం, ఇవన్నీ రైలు టికెట్ తీసుకున్నట్టే, ఇంట్లో ఇంటర్ చదివే పిల్లలుంటే గంటలో చేసేస్తారు. సేవా కేంద్రాలు ఏపీలో విజయవాడ, వైజాగ్, తిరుపతి, భీమవరంలో, తెలంగాణలో హైదరాబాద్, నిజామాబాద్, కరీంనగర్‌లో ఉన్నాయి. ఇవి కాక 2017 నుంచి చాలా చోట్ల పోస్టాఫీసుల్లో కూడా పెట్టారు, స్లాట్ ఎక్కడ ముందు దొరికితే అక్కడ తీసుకోండి.

ఇంక మెమో దగ్గరికి వద్దాం. ఫారంలో చదువు అడిగే చోట ఐదు లోపా, ఆరు నుంచి తొమ్మిదా, టెన్త్ ఆ పైనా అని ఉంటది, దాంతోపాటే నాన్ ఈసీఆర్‌కి, అంటే ఆ క్లియరెన్స్ అక్కర్లేని పాస్‌పోర్ట్‌కి, అర్హులా అని ఇంకో ప్రశ్న ఉంటది. ఈ రెండూ ఎవరూ పట్టించుకోరు. టెన్త్ పాసైతే నాన్ ఈసీఆర్ వస్తది, కానీ ఒరిజినల్ మెమో చూపించాలి. టెన్త్ లేకపోయినా ఇన్‌కమ్ టాక్స్ కట్టేవాళ్ళకి, యాభై దాటినవాళ్ళకి కూడా వస్తది. ఇలాంటివేవీ లేకపోతే ఈసీఆర్ పడుద్ది, అంటే కువైట్, సౌదీ, ఖతార్, ఒమన్, యూఏఈ, మలేషియా లాంటి 18 దేశాలకి పని మీద వెళ్ళాలంటే ముందు ప్రొటెక్టర్ ఆఫ్ ఎమిగ్రెంట్స్ ఆఫీసు క్లియరెన్స్ ఉండాలి. అది పెట్టింది మన మంచికే, ఒప్పందం, జీతం కాగితం మీద ఉన్నాయో లేదో చూస్తారు. దానికి ప్రభుత్వ ఫీజు 200, బీమా రెండేళ్ళకి 275. పాతిక వేలు ఎక్కడి నుంచి వచ్చాయో ఏజెంట్‌కే తెలియాలి. ఇంకొందరు క్లియరెన్స్ గొడవెందుకు విజిట్ వీసా మీద వెళ్ళిపో, అక్కడ మార్పిస్తా అంటారు. ఆ మాట మాత్రం వినకండి, అక్కడ ఏదైనా తేడా వస్తే పనికి వెళ్ళినట్టు మీ దగ్గర ఒక్క కాగితం ఉండదు. ముప్ఫై నిండని ఆడపిల్లలకి ఈసీఆర్ పాస్‌పోర్ట్ మీద ఆ దేశాలకి పనికి క్లియరెన్స్ ఇవ్వరు కూడా.

మావాడు చివరికి కాలేజీ బాకీ కట్టి మెమో తెచ్చుకుని రీఇష్యూకి పెట్టాడు, మళ్ళీ 1500. అప్పుడే కట్టుకునుంటే అయిపోయేది. మెమో కాలేజీలో ఉంటే స్లాట్ బుక్ చేసే ముందే తెచ్చుకోండి. మెమో పోగొట్టుకుంటే చదివిన స్కూల్ హెడ్‌మాస్టర్ ద్వారా డూప్లికేట్‌కి పెట్టుకోవాలి, టైం పడుద్ది. ఈమధ్య పాసైనవాళ్ళవి డిజిలాకర్‌లో కూడా దొరుకుతున్నాయి. అంతేగానీ చదవలేదని అబద్ధం రాయకండి, ఫారంలో తప్పు సమాచారం ఇవ్వడం పాస్‌పోర్ట్ చట్టం ప్రకారం నేరం, నెట్ సెంటర్ కుర్రాడి సంతకం కాదు కదా ఉండేది, మీదే.

ఇదే మెమోతో ఇంకో తంటా పేరు. రీఇష్యూకి వాడితో నేనూ వెళ్ళా, బయట బెంచీ మీద ఒకాయన తల పట్టుకుని కూర్చున్నాడు. మెమోలో బొల్లా వెంకట సురేష్ అని ఉంది, ఆధార్‌లో బి.వి. సురేష్. లోపల ఆఫీసరు రెండూ పక్కపక్కన పెట్టి ఆ బి, ఆ వి మీద పెన్నుతో తట్టి చూపించాడంట, ఆధార్ మార్పించుకుని రమ్మని పంపేశారు. పాస్‌పోర్ట్‌లో పొడి అక్షరాలు కుదరవు, మొత్తం విప్పి రాయాలి. ఆధార్‌లో పేరు మార్చడానికి 75 రూపాయలు, కానీ జీవితంలో రెండు సార్లే మార్చనిస్తారు, కాబట్టి మెమోలో అక్షరం అక్షరం చూసుకుని ఆ స్పెల్లింగే పెట్టించండి. ఫారంలో ఇంటిపేరు సర్‌నేమ్ గడిలో, మిగతాది గివెన్ నేమ్ గడిలో. మొత్తం ఒకే గడిలో పెట్టి రెండోది వదిలేస్తే అమెరికా వీసా మీద పేరుకి బదులు ఎఫ్‌ఎన్‌యూ (ఫస్ట్ నేమ్ అన్‌నోన్, అంటే పేరు తెలీదు) అని వస్తది, ఒక్క పదమే పేరుగా ఉంటే యూఏఈ 2022 నవంబర్ నుంచి విజిట్ వీసాకి ఒప్పుకోవట్లేదు. పెళ్ళైన ఆడవాళ్ళు ఇంటిపేరు మార్చుకోవాలని రూలేం లేదు, మెమోలో ఉన్నదే ఉంచుకోవచ్చు.

అలా వెనక్కి పంపితే కంగారు పడకండి, కట్టిన డబ్బు ఏడాది వరకు చెల్లుద్ది, కాగితాలు సరిచేసుకుని అదే అప్లికేషన్ నంబరు మీద మళ్ళీ స్లాట్ తీసుకోవచ్చు.

స్లాట్ రోజు ఏ, బీ, సీ అని మూడు కౌంటర్లు. ఏ దగ్గర ఫొటో, వేలిముద్రలు వాళ్ళే తీసుకుంటారు, నాలుగేళ్ళ లోపు పిల్లలకి మాత్రం తెల్ల బ్యాక్‌గ్రౌండ్ ఫొటో పట్టుకెళ్ళండి. ఒరిజినల్స్, ఒక సెట్ జిరాక్స్ ఉంటే చాలు. బయట "ఫైలు కట్టిస్తా సార్" అని వెంటపడేవాళ్ళు ఉంటారు, ఆ ఫైలు లోపల ఎవరూ అడగరు.

పోలీస్ వెరిఫికేషన్‌కి ఇప్పుడు ఉంటున్న అడ్రస్సే రాయండి. హైదరాబాద్‌లో ఉంటూ ఊరి అడ్రస్ ఇస్తే కానిస్టేబుల్ వచ్చేసరికి మీరుండరు, అక్కడ లేరని రిపోర్ట్ వెళ్తది. వచ్చినాయనకి కాగితాలు చూపించండి, టీ ఇవ్వండి, ఫీజు అంటూ ఏం లేదు.

పాస్‌పోర్ట్ స్పీడ్ పోస్ట్‌లో వస్తది. రాగానే పేరు, పుట్టిన తేదీ చూసి చివరి పేజీ కూడా తిప్పండి. అక్కడ ఈసీఆర్ ముద్ర లేకపోతే ఏదో వెయ్యడం మర్చిపోయారేమో అని నాకు ఫోన్ చేసినవాళ్ళు ఉన్నారు. మర్చిపోలేదు, నాన్ ఈసీఆర్‌కి ముద్రేం ఉండదు.