పాత నిలువుటద్దం, బీరువా ఎక్కడివో ఆనవాలు పట్టడం ఎలా?

ఒడిశాలోని గంజాం ప్రాంతంలో, బరంపురం, పర్లాకిమిడి వైపు తెలుగు ఇళ్ళలో పాత అద్దాల బీరువా కనిపిస్తే, తాతగారు రంగూన్ నుంచి ఓడలో తెచ్చారని గాని, జమీందారుగారి కోట సామాను అమ్మినప్పుడు కొన్నారని గాని సాధారణంగా చెబుతారు. గోపాల్‌పూర్ రేవు నుంచి మనవాళ్ళు వేలాదిగా బర్మాకు వెళ్ళినవారే, జమీందారీలు రద్దయిన తరువాత పెద్ద ఇళ్ళ సామాను చేతులు మారినదే. కనుక రెండూ నమ్మదగిన కథలే. అయితే ఊళ్ళో జరిగిన కథ మన ఇంట్లోని బీరువాకు వర్తిస్తుందా అన్నది వేరే ప్రశ్న. దానికి జవాబు చాలావరకు వస్తువు వెనుక వైపున ఉంటుంది.

మొదట ఇంట్లో పెద్దవారిని కూర్చోబెట్టి, వారు చెప్పినది చెప్పినట్టే రాసుకోండి. "ఎప్పటిది?" అని అడిగితే "చాలా పాతది" అనే జవాబు వస్తుంది. "ఎవరి పెళ్ళికి సారెగా వచ్చింది? అప్పటికి మీరు ఏ ఇంట్లో ఉన్నారు? కరెంటు వచ్చిందా?" అని అడిగితే సంవత్సరం దగ్గరపడుతుంది. ఆ కథను సరిచూడవలసిన వాంగ్మూలంగా మాత్రమే పక్కన పెట్టుకోవాలి.

తరువాత ఇద్దరు మనుషుల సాయంతో బీరువాను గోడ నుంచి జరిపి, పగటి వెలుతురులో వెనుక భాగాన్ని ఫొటోలు తీయండి. అంతవరకు తడిగుడ్డ కూడా వేయవద్దు. మా ఇంటి డ్రెస్సింగ్ టేబులుకు పాలిష్ పెట్టించిన రోజున, "వెనక కూడా శుభ్రంగా గీకెయ్యండి" అని పనివానికి పురమాయించినది నేనే. అద్దం వెనుక పలకకు దుమ్ము రాకుండా అతికించిన పాత తెలుగు పత్రిక కాగితం ఆ గీకుడులో పోయింది, మూలన వేలెడంత ముక్క మీద "...త్రిక" అన్న రెండు అక్షరాలు మాత్రం మిగిలాయి. పూర్తి పేరు ఉండి, అది ఆంధ్రపత్రిక దినపత్రిక అయి ఉంటే, 1914కు ముందు అతికించినది కాదని తేలేది, ఎందుకంటే ఆ పత్రిక దినపత్రికగా మారినది ఆ ఏడే. ఒడియా పత్రిక 'సమాజ' ముక్క దొరికితే 1919కి ఇటువైపు అని చెప్పవచ్చు. కాగితం బీరువా వయసును చెప్పదు, అద్దాన్ని చివరిసారి విప్పి బిగించిన కాలానికి ముందు హద్దును చెబుతుంది. ఈ తేడాను మరిచిపోతే లెక్క మొత్తం తప్పుతుంది.

ఇక అద్దాన్ని చూడాలి. పెన్సిలు మొనను గాజుకు ఆనించి, మొనకూ దాని ప్రతిబింబానికీ మధ్య ఉన్న ఎడాన్ని బట్టి గాజు మందం అంచనా వేయండి. కాస్త దూరంగా నిలబడి తలను మెల్లగా పక్కకు కదిపినప్పుడు ప్రతిబింబం అలలా వంగితే, అది సాధారణంగా పాత పద్ధతిలో తీసిన గాజు. ఏమాత్రం వంకర లేకపోయినంత మాత్రాన కొత్తదని తీర్మానించకూడదు, ఎందుకంటే ఖరీదైన పాత అద్దాలను అరగదీసి చదును చేసేవారు. కరిగిన తగరం మీద గాజును తేలవేసి తయారుచేసే పద్ధతిని ఇంగ్లండులోని పిల్కింగ్టన్ సంస్థ ప్రకటించినది 1959లో; కనుక ఆ పద్ధతి గాజు అయితే అంతకంటే ముందుది కాదు.

గాజు వెనుక పూత ఇంకా ముఖ్యం. పూర్వం తగరపు రేకును పాదరసంతో కలిపి గాజుకు అంటించేవారు. ఆ అద్దంలో ముఖం కొంచెం నీలి బూడిద ఛాయలో కనిపిస్తుంది, వెనుక రంగు లేకుండా లోహం నేరుగా కనిపిస్తుంది. జర్మన్ రసాయన శాస్త్రవేత్త లీబిగ్ 1835లో వెండి పూత పద్ధతిని కనిపెట్టిన తరువాత క్రమంగా అది వ్యాపించింది. వెండిని కాపాడటానికి వెనుక రంగు వేస్తారు. మన కోస్తా తేమకు ఈ పూత అంచుల నుంచి నల్లబడుతూ లోపలికి పాకుతుంది. పాదరసపు అద్దమని అనుమానం వస్తే గీకవద్దు, వేడి చేయవద్దు, పిల్లలను దగ్గరకు రానివ్వవద్దు. అన్నట్టు, బజారులో అంచు వాలుగా చెక్కిన ప్రతి మందపాటి అద్దమూ "బెల్జియం అద్దమే". చీటీయో ముద్రో చూపించనిదే ఆ మాటకు అదనంగా ఒక్క రూపాయి ఇవ్వనక్కరలేదు. చట్రం గాడిలో పాత మరక గీత ఒకచోట, ఇప్పటి గాజు అంచు మరొకచోట ఉంటే గాజును మార్చినట్టే.

చెక్క విషయంలో తొందర పనికిరాదు. బర్మా టేకు, మన టేకు ఒకే జాతి చెట్టు; వాసన చూసి రంగూన్ అని తేల్చేవారి మాటను మర్యాదగా విని ఊరుకోవడం మంచిది. సొరుగును బయటకు లాగి మూలల అతుకు చూడండి: చేత్తో ఉలితో చెక్కిన పళ్ళు ఒకదానితో ఒకటి సరిగ్గా సమానంగా ఉండవు, పక్కన వడ్రంగి గీసుకున్న సన్నని గీత మిగిలి ఉంటుంది. చేతి రంపం గుర్తులుంటే చాలా పాతదని యూరప్ పుస్తకాలు చూసి చెబుతారు గాని, మన ఊళ్ళలో ఇద్దరు మనుషులు దుంగను కోసే పద్ధతి ఇరవయ్యో శతాబ్దంలోనూ సాగింది కనుక ఆ సూత్రం ఇక్కడ చెల్లదు. స్క్రూలు మాత్రం మెరుగైన సాక్షులు: మొన లేకుండా మొద్దుగా ఉన్నవి 1840లకు ముందటి పద్ధతివి, తల మీద కూడిక గుర్తు గాడి ఉన్నవి 1930ల తరువాతివి. అయితే ఒక్క స్క్రూ కొత్తదైతే అది మరమ్మతు కావచ్చు, అన్నీ అలాంటివే అయితే వస్తువే అలాంటిది.

ముద్రల కోసం సొరుగు అడుగు, తాళం పలక, కుర్చీ కింది చట్రం వెతకండి. కలకత్తాలో లాజరస్, మద్రాసులో కర్జన్ పేరున్న ఫర్నిచర్ కంపెనీలు. వంచిన కర్రతో చేసిన కుర్చీకి ఆస్ట్రియాకు చెందిన థోనెట్ ముద్ర ఉండవచ్చు, కాని ఆ నమూనాకు నకళ్ళు లెక్కలేనన్ని. తాళం మీద ఇంగ్లండు అని ఉంటే తాళం అక్కడిదని మాత్రమే అర్థం. బి.ఎన్.ఆర్. రైలు చీటీ అంటుకుని ఉంటే ఇంకా మంచిది: బరంపురం మీదుగా పోయే లైను బెంగాల్ నాగపూర్ రైల్వే చేతికి వచ్చినది 1902లో.

కాగితాల కోసం వెతికేవారు ఒక తేదీని గుర్తుంచుకోవాలి. 1936 ఏప్రిల్ 1న ఒడిశా రాష్ట్రం ఏర్పడేవరకు ఈ గంజాం ప్రాంతం మద్రాసు ప్రెసిడెన్సీలోనిది. అందుచేత అంతకు ముందటి ప్రభుత్వ రికార్డులను చెన్నై ఎగ్మూరులోని ఆర్కైవ్స్‌లోనూ, తరువాతివాటిని భువనేశ్వర్‌లోనూ వెతకాలి. అంతకంటే ముందు ఇంట్లోని ట్రంకుపెట్టెలో పంపకాల దస్తావేజు చూడండి. చరాస్తుల జాబితా ఉంటే "నిలువుటద్దం బీరువా 1" అన్న ఒక్క పంక్తి పది కథల పెట్టు.

నూరేళ్ళు దాటిన కళాఖండమని తేలితే, 1972 నాటి పురావస్తువుల చట్టం ప్రకారం ప్రైవేటు వ్యక్తులు దానిని విదేశాలకు పంపకూడదు. విశాఖపట్నం పనితనమంటూ దంతం పొదిగిన పెట్టె ఎవరైనా అమ్మజూపితే ముట్టుకోకండి, దంతం వ్యాపారం వన్యప్రాణి చట్టం కింద నేరం.

చివరగా ఒక కాగితం మీద గాజు, చట్రం, సొరుగులు, తాళం అని విడివిడిగా రాసి, ఒక్కొక్కదాని ఎదుట "ఇంతకంటే ముందుది కాదు" అన్న సంవత్సరాన్నీ, దానికి ఆధారాన్నీ నమోదు చేయండి. ఆ కాగితాన్ని అద్దం వెనుక మాత్రం అతికించవద్దు. కవరులో పెట్టి, సొరుగు లోపల ఉంచండి. తరువాతి పాలిష్ పనివాడికి నాలాంటివాడు ఏమి పురమాయిస్తాడో తెలియదు కదా.